మిషన్ బయటపెట్టిన ఓటు

యలమందయ్య మంచివాడని ఊరంతా అంటుంది. ఆ మాట చెవిన పడితే ఆయనకి ముద్ద దిగదు.

సత్తెనపల్లి దగ్గర మూడెకరాల మిరప తోట, ఒక భార్య, పార్టీ తరఫున బూత్ ఏజెంటు పని. ఇరవయ్యేళ్ళుగా ఆయన లోకం ఇంతే. ఆ ఊళ్ళో ఓట్లన్నీ ఒకే పార్టీకి పడాలి. అదొక కట్టుబాటు, అది చెప్పుకుని మీసం మెలేయడం.

రెండు వేల మూడులో భార్య వెంకటరావమ్మకి గుంటూరులో ఆపరేషనైంది. రక్తం దొరక్క యలమందయ్య వరండాలో ఏడుస్తుంటే, ఎవరినో చూడ్డానికి వచ్చిన అవతలి పార్టీ నాయకుడు చొక్కా చెయ్యి మడిచి తన రక్తమే ఇచ్చి వెళ్ళాడు. మరుసటేడు ఎన్నికల్లో ఆయనే అభ్యర్థి. పోలింగు రోజున యలమందయ్య మిషన్ పెట్టిన అట్టచాటుకి వెళ్ళి, దేవుడికి దణ్ణం పెట్టుకుని, ఆయన గుర్తు మీద నొక్కాడు. భయపడలేదు. వెనకటి ఎన్నికల్లో అన్ని ఊళ్ళ ఓటు కాగితాలూ కలిపేసి లెక్కపెట్టేవారు కదా, ఎవరు కనిపెడతారు? ఇంత అనుభవమున్న ఏజెంటుకి, కొత్తగా వచ్చిన మిషన్ ఏ ఊరి లెక్క ఆ ఊరికే విప్పి చెబుతుందని తట్టలేదు!

నియోజకవర్గంలో సొంత పార్టీ తొమ్మిది వేల మెజారిటీతో గెలిచింది. ఊరి బూత్‌లో మాత్రం ఆరు వందల పన్నెండు ఓట్లలో ఒకటి అవతల పడింది. గెలిచిన సంతోషం గాలికి పోయింది. పంచాయతీ ఆఫీసు అరుగు మీద అందరూ ఇడ్లీల మాణిక్యమ్మ పేరే అన్నారు. అవతలి అభ్యర్థిది ఆమె పుట్టిన ఊరు మరి.

"ఏరా యలమందా, బూత్‌లో ఉన్నది నువ్వేగా. నీకేమనిపించింది?" అన్నారు పెద్దాయన శ్రీమన్నారాయణ గారు.

"అట్టచాటున కాస్త ఎక్కువసేపే ఉందండి," అన్నాడు.

ఆ ఒక్క మాట చాలింది. మర్నాటి నుంచి ఆమె ఇడ్లీలు ముట్టినవాడు లేడు. పొద్దెక్కేదాకా కూర్చుని, మిగిలినవి గేదెలకి పెట్టేది. యలమందయ్య వీధి మార్చి తిరిగేవాడు. రెండు నెలలకి ఆమె సామాను సర్దుకుని దాచేపల్లి వెళ్ళిపోయింది.

అయిదేళ్ళుగా లోపల తొలిచేస్తున్నదాన్ని తట్టుకోలేక, రెండు వేల తొమ్మిది ఎన్నికల ముందు ఆయన దాచేపల్లి బస్సెక్కాడు. సిమెంటు ఫ్యాక్టరీ గేటు దగ్గర బండి మీద ఇడ్లీలు అమ్ముతోంది మాణిక్యమ్మ. అంతా చెప్పి, చేతులు జోడించాడు.

ఆమె చేతిలో గరిటె పక్కన పెట్టింది.

"మా అన్న వచ్చి మనూరాయనకి వెయ్యమని కాళ్ళావేళ్ళా పడ్డాడు అన్నయ్యా. మీ ఊరి తిండి తింటున్నానని మీ గుర్తుకే నొక్కా. అప్పట్నించీ వాడు నాతో మాట్లాడడు. నాకు పుట్టిల్లూ లేదు, మీ ఊరూ లేదు." కళ్ళు తుడుచుకుంది. "నేను వెయ్యలేదని నాకు తెలిసిందేగా, నాకెందుకు చెప్పడం? ఆ అరుగు మీద చెప్పు."

"చెబుతానమ్మా," అన్నాడు. మనస్ఫూర్తిగానే అన్నాడు. దారిపొడవునా ఆ నాలుగు మాటలే వల్లె వేసుకున్నాడు.

బస్సు దిగి తిన్నగా అరుగు దగ్గరికే నడిచాడు. శ్రీమన్నారాయణ గారు పక్కకి జరిగి చోటిచ్చారు.

"రారా. ఈసారీ ఏజెంటుగా నీ పేరే రాయించా. నీ అంత నమ్మకస్తుడు ఎవడున్నాడ్రా మనకి? ఇంతకీ పొద్దుట్నించీ కనపళ్ళేదు, ఎక్కడికెళ్ళావ్?"

"సత్తెనపల్లికండి," అన్నాడు యలమందయ్య. "పురుగుమందు కోసం."