పక్కకు జరిగిన గుంజ

ఆ ఏడు సార్వా పంటకాలంలో, వానాకాలపు వరికి, నేను రాసి పంపిన దిగుబడి అంకె సరైనది కాదు. ఈ మాట ఇంతవరకు ఎవరికీ చెప్పలేదు. డైరీలో కూడా ఆ రోజు పేజీలో ఎండ గురించి, కాళ్ల నొప్పుల గురించి మాత్రమే రాసుకున్నాను.

నేను వ్యవసాయ శాఖలో చిన్న ఉద్యోగిని. తాడేపల్లిగూడెంలో రైలెక్కి, ఏలూరులో దిగి, బస్సులో మండవల్లి వైపు కొల్లేటి పక్క ఊరికి వెళ్లేదాన్ని. సంచిలో ఒక నవల ఉండేది. తిరిగి వచ్చేటప్పుడు దాన్ని తెరిచే ఓపిక ఉండేది కాదు.

కోతల రోజుల్లో మా పని పంట కోత ప్రయోగం. ఫోన్‌లోని యాప్ ఏ చోటైనా పడేలా కొన్ని అంకెలిస్తుంది. వాటి ప్రకారం చేను మూల నుంచి పొడవునా, అడ్డంగా అడుగులు వేసి, పైరు ఎలా ఉన్నా ఆగినచోటే గుంజ పాతాలి. అక్కడ అయిదు మీటర్ల పొడవు, అంతే వెడల్పు తాడు కట్టి, లోపలి పైరు కోయించి, నూర్పించి, తూకం వేయాలి. అలాంటి కొన్ని ముక్కల సగటే ఊరి దిగుబడి. ఊళ్లవి కలిస్తే జిల్లాది, జిల్లాలవి కలిస్తే దేశానిది. పంటల బీమా వచ్చేదీ రానిదీ కూడా ఊరి సగటును బట్టే.

ఆ ఏడు కొల్లేరు సరస్సు నీళ్లు ఎగదన్ని పల్లపు చేలు రోజుల తరబడి నీళ్లలో ఉన్నాయి. నా వంతుకు వచ్చిన చేలలో ఒకటి ఒక పెద్దాయన కౌలుకు చేస్తున్నది. మెరక వైపు పైరు నిలబడింది. పల్లం వైపు పడిపోయి, కంకుల్లోనే మొలకలు వచ్చేశాయి. నా అడుగులు పల్లంలో ఆగాయి. గుంజ పాతాను.

ఆయన గట్టు దిగి వచ్చారు. ఆ ఊళ్లో పంట మాట వస్తే ముందు ఆయన చేను గురించే చెప్పుకుంటారు. విత్తనానికి పక్క ఊళ్లవాళ్లు కూడా ఆయన దగ్గరికే వచ్చేవారట.

"గవర్నమెంటు కొలతకి ఈ కుళ్లు ముక్కేంటండి అమ్మాయి గారూ? పెళ్లిచూపులకి చిరుగు చీర కట్టినట్టుంటుంది," అంటూ గుంజ పీకి, మెరకలోకి నడిచి తానే పాతేశారు. కోతకొచ్చిన ఆడవాళ్లు నవ్వారు. ఈ పిల్ల గాలికే ఎగిరిపోయేలా ఉంది, గుంజని ఆపుతుందా అని ఒకామె అంది.

అలా కుదరదండి అనాలి. పొద్దుటి నుంచి అది మూడో చేను. అందరూ నన్నే చూస్తున్నారు. నేను తాడు కట్టాను. తూకం బాగా వచ్చింది. ఆయన సంబరంగా కొబ్బరి బొండం కొట్టించి ఇచ్చారు.

బీమా జాబితాలో ఆ ఊరు లేదు. సగటు తగ్గలేదన్నారు. నా ఒక్క ముక్క వల్లే అలా అయిందో, మిగతా చేలలో కూడా గుంజలు పరువు కోసం జరిగాయో తెలియదు. జనం మా ఆఫీసుకు వచ్చి, కుర్చీల్లో కూర్చుని రాసేస్తారని అరిచారు. పెద్దాయన వాళ్ల వెనక తలుపు పక్కన నిలబడి ఉన్నారు. నేను రిజిస్టరులోంచి తల ఎత్తలేదు.

తర్వాత ఏలూరులో ట్రైనింగ్. దేశంలో ధాన్యం దిగుబడి ఏటేటా పెరుగుతోందని తెర మీద ఒక గీత చూపించారు. అందరూ రాసుకున్నారు. ఆ గీతలో ఎక్కడో నా తప్పుడు తూకం కూడా ఉంది. నేను కూడా రాసుకున్నాను.

మరుసటి సార్వాకి వెళ్లేసరికి ఆ చేలో పొక్లెయిన్ తిరుగుతోంది. భూమిగల ఆసామి చేపల చెరువుకిచ్చేశారు. పెద్దాయన గట్టు మీద కూర్చుని చూస్తున్నారు. బీమా వచ్చి ఉంటే ఇంకో ఏడు చేసేవాడినని మామూలుగానే చెప్పారు. ఇకనుంచి ఆకివీడులో చేపల ప్యాకింగుకి వెళతారట.

"ఆ రోజు గుంజ నేను..." అన్నాను.

ఆయన నా చేతిలోని డైరీ వైపు చూశారు.

"అది పీకింది నేనేనమ్మా. మీ తప్పని అందులో రాసుకోకండి. ఎండెక్కుతోంది, బస్సుకి వెళ్లండి."