తురకం వచ్చిన తాతయ్య

మా ఆయన భీమశంకరం నోరు ఊరుకోదు. ఆ నోటి వల్ల పన్నెండేళ్ల మనవరాలి పరువు గంగలో కలవబోయిన రోజు సంగతి చెబుతాను. 

ఆయన కర్నూలు పాతబస్తీలో ముప్పై ఆరేళ్లు పోస్ట్‌మేన్. ఉర్దూలో రాసిన అడ్రసులు చూసి మిగతావాళ్లు తెల్లమొహం వేస్తుంటే, ఈయన పట్టుబట్టి నేర్చుకున్నాడు. సౌదీ నుంచి ఉత్తరం వస్తే గుమ్మంలోనే నిలబడి చదివిపెట్టి, జవాబు కూడా రాసిచ్చి వచ్చేవాడు. ఇంట్లో అన్నం చల్లారిపోయేది, నాకు ఒళ్లు మండేది. మా వైపు ఉర్దూని తురకం అంటారు. ‘నాకు తురకం వచ్చు’ అని ఈయన చెప్పుకోని పెళ్లి లేదు, పేరంటం లేదు.

మొన్న ఏప్రిల్‌లో, అమెరికాలో ప్లెయిన్స్‌బరోలో ఉన్న మా అమ్మాయి ఇంట్లో భోజనాల దగ్గర కూడా అదే మాట అన్నాడు. మనవరాలు నైనిక చపాతీ వదిలేసి లేచి నిలబడింది.

“రియల్లీ, తాతయ్యా? నీకు టర్కిక్ వచ్చా?”

“గడగడా మాట్లాడతా! ఎవర్నైనా పిల్చుకోని రా, సూస్కుందాం!”

కుర్మా వడ్డిస్తూ నేనూ విన్నాను. ఏం లాభం, నా బుర్రకీ వెలగలేదు. తురకం అంటే టర్కిక్, అంటే తుర్క్ జాతుల భాష అనుకుంది ఆ పిల్ల! స్కూల్లో తన ప్రాజెక్టు సరిగ్గా ఆ జాతుల చరిత్ర మీదే. మిగతా పిల్లలు స్లయిడ్లు చేసుకుంటుంటే, ఇది మాత్రం తన క్లాస్‌మేట్ జరీనా వాళ్ల బామ్మను మా తాతయ్య స్టేజీ మీద ఇంటర్వ్యూ చేస్తాడని టీచరుకు రాసిచ్చేసింది. ఆ బామ్మ గుల్నోరా. మాట్లాడేది ఉజ్బెక్, అదీ ఆ జాతుల భాషే. సమర్‌ఖండ్ నుంచి వచ్చి నెల కాలేదు, ఇంగ్లీషు ముక్క రాదు.

“ఎవరో సాయిబుల ముసలమ్మంట, పలకరించాలంట,” అని మా ఆయన ఇస్త్రీ చొక్కా వేసుకుని బయల్దేరాడు.

శనివారం స్కూలు హాలు కిటకిటలాడుతోంది. నైనిక మైకు పట్టుకుని గుక్క తిప్పుకోకుండా చెప్పింది. మంగోలియా మైదానాల్లో పదమూడు వందల ఏళ్ల కిందటి రాళ్ల మీద ‘తుర్క్’ అని చెక్కి ఉందట. గుర్రాల మీద తిరిగే ఆ జాతులవాళ్లు మెల్లమెల్లగా పడమటికి సాగిపోయారట. వాళ్ల భాషలే ఈనాడు సైబీరియా మంచు నుంచి ఇస్తాంబుల్ దాకా పరుచుకుని ఉన్నాయట. నా మనవరాలే ఇన్ని మాటలు చెబుతోందని నేను ఒకటే పొంగిపోయాను!

“నౌ, మా తాతయ్య!” అంది.

“అస్సలాం అలైకుం! ఆప్ కైసీ హైఁ?” అన్నాడు ఈయన దర్జాగా.

“వాలైకుం అస్సలాం!” అంటుంటే ఆ బామ్మ మొహం వెలిగిపోయింది. ఇక మొదలుపెట్టింది చూడండి, గలగలా గోదారి! ఈయనకు ఒక్క ముక్క అర్థమైతే ఒట్టు.

“తాతయ్యా, ఏమంది?”

“నైనీ, ఇది తురకం కాదమ్మా...”

“ఇదే కదా టర్కిక్!”

అప్పుడు వెలిగింది నాకు. అయ్యో రామచంద్రా!  హాలంతా పిల్లనే చూస్తోంది. ఈ మనిషి నోటికి తాళం వేయనందుకు నన్ను నేనే తిట్టుకున్నాను.

గుల్నోరాకు విషయం అర్థమైనట్టుంది. బల్ల మీదున్న కత్తెర తీసి చూపించింది. “ఖైచీ.”

“ఖైంచీ!” అని అరిచాడు ఈయన. “ఖీమా?”

“ఖియ్మా!”

“కుర్మా!” అని నేను కుర్చీలోంచే కేకేశాను.

“ఖొవుర్మా!” అని ఆవిడ చప్పట్లు కొట్టింది. జనం నవ్వారు. కానీ మూడు మాటలతో ఇంటర్వ్యూ అవుతుందా? టీచరు గడియారం చూసుకుంది. నైనిక మైకు దగ్గరికి తీసుకుంది.

“సారీ. మా తాతయ్యకి టర్కిక్ రాదు. ఉర్దూ వచ్చు. మిస్టేక్ నాది,” అంది ఇంగ్లీషులో.

గుల్నోరా ఊరుకోలేదు. తన గుండె మీద చెయ్యి వేసుకుని, “మెన్ ఉజ్బెక్‌మన్,” అంది. నైనిక బ్యాగు వైపు వేలు చూపించి, “సెన్ ఒకువ్చీసన్,” అంది. నువ్వు స్టూడెంటువి అని, అప్పుడే స్టేజీ ఎక్కి వచ్చిన జరీనా అర్థం చెప్పింది.

మా ఆయన కళ్లు ఇంతింతలయ్యాయి.

“ఏమే మీనాక్షీ, ఇన్యావా? నేను ఉజ్బెక్‌‘ని’, నువ్వు స్టూడెంటు‘వి’! సివర్న ఆ ‘మన్’, ‘సన్’ మన తోకలే! ఉర్దూలో ఈ తోక యాడుంది? ఇది తెలుగోళ్ల పద్ధతే!”

“రిలేటెడ్ కాదు, తాతయ్యా. సేమ్ స్టైల్, అంతే,” అంది నైనిక ముక్కు తుడుచుకుంటూ.

“స్టైలు సాల్లే!” పోస్ట్‌మేన్‌ని ఏమంటారో జరీనాని అడిగాడు. పోచ్తచీ అంది. “ఖజాంచిలో ‘చి’ లాంటిదే!” అని గంతేసి, గుల్నోరా ముందు నిటారుగా నిలబడ్డాడు. “మెన్ పోచ్తచీమన్!”

ఆవిడ లేచి ఆయన రెండు చేతులూ పట్టుకుంది. హాలంతా చప్పట్లు!

ఈయన ఆగితేగా! మనవరాలిని ఏమంటారో అడిగాడు. నెవర అట. నైనిక వైపు తిరిగాడు. “సెన్ నెవరసన్!”

“నెవరమ్‌సన్,” అని దిద్దింది గుల్నోరా. ‘నా’ అన్నది మధ్యలో పెట్టాలట.

“సెన్ నెవరమ్‌సన్,” అన్నాడు ఈయన మెల్లగా. “నువ్వు నా మనవరాలివి.”

అందరూ చూస్తుండగా నైనిక మైకు వదిలేసి వచ్చి ఆయన్ని చుట్టేసుకుంది. ఇన్నేళ్లుగా ‘నేను స్టూడెంట్’, ‘నేను నైనిక’ అని తోకలన్నీ తెంపేసే పిల్ల, నేను ఎంత మొత్తుకున్నా వినని పిల్ల, తోక తెంపకుండా అంది.

“నేను నీ మనవరాలిని, తాతయ్యా.”