నైటీలో దేశం దాటిన ఆవిడ

మా ఆయనకూ నాకూ మధ్య ఒక బ్రిడ్జి ఉంది. నేను బహ్రెయిన్‌లో, జిదాఫ్స్‌లో ఒక పెద్దావిడను చూసుకునే పనిలో ఉన్నాను. ఆయన సముద్రానికి అవతల, సౌదీలోని ఖోబర్‌లో ఒక ఇంటికి డ్రైవరు. కారులో బయల్దేరితే ముప్పావు గంట. ఆ ముప్పావు గంట దాటలేక మేం ఒకరినొకరం చూసుకుని మూడేళ్ళు దాటిపోయింది. నాకు సెలవు దొరికిన ఏడాది ఆయన కఫీల్, అంటే వీసా ఇచ్చిన యజమాని, పంపలేదు. ఆయన ఊరెళ్ళిన ఏడాది మా పెద్దావిడ సల్మానియా ఆసుపత్రిలో మంచం మీద ఉంది, నేను కదల్లేదు. ఇంటిపని వీసాతో నేను అటు వెళ్ళలేను, కఫీల్ కాగితం ఇవ్వకపోతే ఆయన ఇటు రాలేడు. శుక్రవారం తెలుగు ప్రార్థన కూటంలో అక్కలు "ఈసారైనా వస్తున్నాడా మీ ఆయన?" అని అడిగినప్పుడల్లా నాకు ఒళ్ళు మండేది. వస్తే చెప్పనా, సంచీలో దాచుకుంటానా?

పెద్దావిడను మేమంతా హజ్జియా అంటాం. మక్కా వెళ్ళొచ్చిన ముసలమ్మలను ఇక్కడ అలాగే పిలుస్తారు. ఆవిడకు మోకాళ్ళు పనిచేయవు, వాటి పని కూడా నోరే చేస్తుంది. ఇంట్లో ఎప్పుడూ ముష్మర్ కప్పుకుని ఉంటుంది. అంటే తల మీంచి మోకాళ్ళ దాకా జారే పల్చటి పూల గుడ్డ. ఆవిడ ముష్మర్ మీద ఎర్రపూలు ఎంత పెద్దవంటే, వీధి చివర్నుంచి చూసినా గుమ్మంలో కూర్చున్నది హజ్జియా అని తెలిసిపోతుంది.

పోయిన వేసవిలో కొడుకూ కోడలూ ఆవిడను వేడినీళ్ళ వైద్యానికి యూరప్ తీసుకెళ్ళారు. ఆవిడ చక్రాల కుర్చీ తొయ్యడానికి నేనూ వెళ్ళాను. ఫోన్లో చెప్పగానే మా ఆయన సంతోషించడం మానేసి జాగ్రత్తలు మొదలుపెట్టాడు.

"చూడవే, నీది ఒక్కసారి లోపలికెళ్ళే వీసా. ఆ దేశం గడప దాటేవంటే ఖలాస్. మళ్ళీ రానివ్వరు. ఎవరేం చెప్పినా గీత మాత్రం దాటకు."

"నేనేం చిన్నపిల్లనాండీ, గీతలు దాటడానికి?"

"చిన్నపిల్లలకి భయముంటది. నీకది లేదు. అదీ నా గొడవ."

మేం దిగిన ఊరు సగం ఒక దేశంలో ఉంది, సగం ఇంకో దేశంలో ఉంది. ఆ సంగతి అక్కడికి వెళ్ళేదాకా నాకెవరూ చెప్పలేదు. మూడోరోజు పొద్దున హోటల్లో ఒక బోర్డు చూసి హజ్జియా పట్టుబట్టింది. గైడు వెంట నడుస్తూ ఊరంతా చూడొచ్చట. నడవలేని మనిషికి నడక సరదా ఏమిటని కొడుకు విసుక్కున్నాడు. "నడిచేది నేను కాదుగా" అని నా వైపు చూపించింది. కొడుకు హోటల్లోనే ఉండిపోయాడు, అందరి పాస్‌పోర్టులు పెట్టుకున్న సంచీ కూడా అతని దగ్గరే ఉండిపోయింది. కోడలు, నేను, కుర్చీలో హజ్జియా బయల్దేరాం.

గైడు అరవై దాటిన ఆవిడ. మడిచిన ఎర్ర గొడుగును నెత్తికి పైన ఎత్తి పట్టుకుని నడిచేది. ఎంత వెనకబడినా ఆ గొడుగు కనబడితే చాలు, తప్పిపోం. ఆవిడ ఇంగ్లీషులో చెబితే కోడలు అరబీలో చెప్పేది, నేను దాన్ని తెలుగులోకి తెచ్చుకునేదాన్ని. నా దాకా వచ్చేసరికి గుడి కట్టిన రాజుగారు ఎవరో, కూలగొట్టిన రాజుగారు ఎవరో కలగాపులగం అయిపోయేది. అయినా నాకు రాజులెందుకు? నేను కుర్చీ తోస్తూ వీధి చూస్తున్నాను. రోడ్డు దాటబోతే కారు హారన్ కొట్టకుండా ఆగింది. నడిపే ఆయన చెయ్యి ఊపి వెళ్ళమన్నాడు. కుర్చీ తోసే మనిషి కోసం ఒక కారు ఆగడం నా జీవితంలో అదే మొదటిసారి. నేను వెనక్కి తిరిగి తిరిగి ఆయనకు దండం పెడుతుంటే, "అతను నిన్ను పెళ్ళి చేసుకోడు, పద" అంది హజ్జియా.

అలా ఒక పెద్ద ఖాళీ స్థలానికి వచ్చాం. నున్నటి రాళ్ళు పరిచి ఉన్నాయి, పూలకుండీలు వరసగా పెట్టి ఉన్నాయి. మధ్యలో నేల మీద గుండ్రటి పళ్ళెంలాంటి ఇత్తడి రేకు ఉంది. గైడు దాని మీద నిలబడి గొడుగు అటూ ఇటూ చూపించింది. కోడలు మామూలుగా చెప్పింది: "ఇక్కడిదాకా ఒక దేశం, అక్కడినుంచి ఇంకో దేశం."

నా చేతులు కుర్చీ పిడి మీద బిగుసుకుపోయాయి. చూసుకునేసరికి ముందు చక్రాలు రేకు దాటేశాయి. హజ్జియా కాళ్ళు ఒక దేశంలో ఉన్నాయి, నేను ఇంకో దేశంలో ఉన్నాను. ఒక్కసారి లోపలికెళ్ళే వీసా. పాస్‌పోర్టు హోటల్లో. అటు వెళ్ళాక తిరిగి రానివ్వకపోతే నేనేమైపోవాలి? ఉద్యోగం పోతుంది. బహ్రెయిన్ పోతే బ్రిడ్జి పోతుంది, బ్రిడ్జి పోతే ఆయన్ని చూడాలనే ఆశ కూడా పోతుంది.

"యల్లా, పద, ఎందుకాగావు?" అంది హజ్జియా.

"నాకు అనుమతి లేదు హజ్జియా."

"ఎవరి అనుమతి?"

చుట్టూ చూశాను. పూలకుండీల దగ్గర ఆకుపచ్చ యూనిఫాంలో, ఛాతీ మీద బిళ్ళతో ఒకాయన నిలబడి ఉన్నాడు. అమ్మయ్య, ఆఫీసరు ఉన్నాడు. గల్ఫులో ఉన్నవాళ్ళందరికీ ఉండే అలవాటే నాకూ ఉంది. బయటికెళ్ళినప్పుడు పాస్‌పోర్టు జిరాక్సు, వీసా జిరాక్సు, గుర్తింపు కార్డు ఒక ప్లాస్టిక్ కవర్లో పెట్టుకుని రవికెలో దోపుకుంటాం. ఎవరైనా యూనిఫాం వేసుకుని కనబడితే అడక్కముందే చెయ్యి దానిమీదికి పోతుంది. కవరు తీసి, రెండు చేతులతో ఆయన ముందు పెట్టాను. ఆయన చేతులు ప్యాంటుకు తుడుచుకుని తీసుకున్నాడు. ఫొటో చూశాడు, నన్ను చూశాడు. వెనక్కి తిప్పి అటువైపూ చూశాడు. తరవాత ఎంతో మర్యాదగా తిరిగి ఇచ్చి, తల వంచి, చేత్తో అవతలి దేశాన్ని చూపించాడు. ఆ వెంటనే కిందనున్న పైపు తీసుకుని పూలమొక్కలకు నీళ్ళు పెట్టుకోవడం మొదలుపెట్టాడు.

గైడు నవ్వు ఆపుకుంటూ కోడలికి చెప్పింది, కోడలు హజ్జియాకు చెప్పింది. ఆయన మునిసిపాలిటీ తోటమాలి. ఇక్కడ కాగితాలు చూసేవాళ్ళెవరూ ఉండరు. ఈ రెండు దేశాలకూ ఒకటే వీసా. హజ్జియా నవ్వీ నవ్వీ దగ్గు తెచ్చుకుంది. నాకు చచ్చేంత సిగ్గేసింది. ఎవరి మీదో తెలియని కోపం కూడా వచ్చింది. అయినా ఇప్పటికీ ఆ తోటమాలిని తలుచుకుంటే కళ్ళు చెమరుస్తాయి. నా కాగితాలను అంత గౌరవంగా చూసిన మనిషి ఇంకొకరు లేరు.

కుర్చీ తోశాను. రెండడుగులు. అంతే. దేశం మారింది. గాలి మారలేదు, ఎండ మారలేదు. ఎవరూ ఎక్కడికని అడగలేదు. నేను మళ్ళీ ఇటు వచ్చాను, మళ్ళీ అటు వెళ్ళాను. అలా హజ్జియాతో సహా నాలుగైదు సార్లు తిరిగాను.

అప్పుడే ఇవతలి వైపు ఇంట్లోంచి ఒకావిడ బయటికొచ్చింది. మా ఊళ్ళో ఆడవాళ్ళు వేసుకునే నైటీలాంటిదే వేసుకుంది, కాళ్ళకు ఇంటి చెప్పులు ఉన్నాయి, జుట్టు ముడి కూడా సరిగ్గా లేదు. చేతిలో గుడ్డ కప్పిన గిన్నె. మా మధ్యనుంచే చకచకా నడిచి, రేకు పక్కనుంచి అవతలి దేశంలోకి వెళ్ళి, ఒక తలుపు కొట్టింది. ఎవరో తీశారు. గిన్నె ఇచ్చి, గుమ్మంలో నిలబడే కాసేపు కబుర్లు చెప్పి, తిరిగొచ్చి తన ఇంట్లోకి వెళ్ళిపోయింది. కోటలు చూశాను, గంటల గోపురాలు చూశాను, వాటిని చూస్తే నాకేమీ అనిపించలేదు. నైటీలో దేశం దాటి కూర ఇచ్చొచ్చిన ఆవిడను చూసి మాత్రం అక్కడే చతికిలబడి ఏడవాలనిపించింది.

గైడు తన కథ చివర్లో చెప్పింది. తన చిన్నప్పుడు ఇక్కడ ఇనుప కంచె ఉండేదట. చుట్టాలు అటూ ఇటూ నిలబడి దూరంనుంచే పలకరించుకునేవాళ్ళట. గైడు పుట్టినప్పుడు వాళ్ళమ్మ బిడ్డను రెండు చేతులతో పైకెత్తి పట్టుకుంటే, అవతలి వైపునుంచి అమ్మమ్మ మొదటిసారి చూసిందట. "మా అమ్మ చేతులు నొప్పెట్టినా దించలేదట" అంటూ గైడు తన గొడుగును పైకెత్తి చూపించింది. హజ్జియా ఆ గొడుగు వంకే చాలాసేపు చూసింది.

బహ్రెయిన్ తిరిగొచ్చాక తోటమాలి కథ జిదాఫ్స్ అంతా పాకింది. హజ్జియా ఇంటికొచ్చిన ప్రతి ఆడమనిషికీ చెప్పింది. కానీ ఒకరోజు మధ్యాహ్నం నేను ఆవిడ కాళ్ళకు నూనె రాస్తుంటే ఉన్నట్టుండి అడిగింది.

"నీ మొగుడు బ్రిడ్జి మధ్య దీవిదాకా రాగలడా?"

బ్రిడ్జి మధ్యలో ఒక దీవి ఉంది. చెక్‌పోస్టు దాని మీదే ఉంటుంది. చెక్‌పోస్టు దాటకుండా అటువాళ్ళు అటుకొస దాకా, మేము ఇటుకొస దాకా రావచ్చు. సాయంత్రాలు పిల్లల్ని తీసుకుని జనం గాలికి వస్తారు. ఇన్నేళ్ళలో మా ఇద్దరికీ ఆ ఆలోచన రాలేదు. అనుమతి లేదంటే లేదనుకునే మనుషులం.

శుక్రవారం సాయంత్రప్పూట అసర్ నమాజు అయ్యాక హజ్జియా కొడుకును కారు తియ్యమంది. అక్కడ చూడ్డానికేముందని అతను గొణిగాడు. "నోరు మూసుకుని నా వెనక రా, ఈరోజు గైడుని నేను" అంది. అటునుంచి మా ఆయన వాళ్ళ యజమాని పిల్లల్ని షికారు పేరుతో తీసుకొచ్చాడు.

దీవి మీద గడ్డి చివరిదాకా కుర్చీ తోసుకెళ్ళాను. ఎదురుగా కంచె ఉంది, దాని వెనక కార్ల వరసలు, చెక్‌పోస్టు కప్పులు, వాటికి అవతల చీమలంత మనుషులు. వాళ్ళలో ఎవరో ఒకరు మా ఆయన. ఫోను చెవి దగ్గర పెట్టుకున్నాను. ఎంత వెతికినా ఏ చీమ నాదో తెలియలేదు.

"నువ్వెక్కడున్నావే? నాకు అందరూ ఒకేలా కనబడతన్నారు."

నేను చెయ్యెత్తి ఊపుతుంటే, హజ్జియా తల మీది ముష్మర్ లాగి తీసింది. మగవాళ్ళున్న చోట ఇదేమిటని చూస్తే, కింద బురఖా ఉంది. ఇంట్లో కప్పుకునే ఆ గుడ్డను ఇందుకోసమే బురఖా మీద అదనంగా కప్పుకొచ్చిందని నాకప్పటిదాకా తట్టలేదు. తన చేతికర్రకు దాన్ని ముడివేసి, రెండు చేతులతో పైకెత్తింది. గాలికి ఆ ఎర్రపూలు ఒక్కసారిగా విచ్చుకున్నాయి.

అవతల, చీమల మధ్య, పసుపుపచ్చగా ఏదో అటూ ఇటూ ఊగడం మొదలైంది.

"ఆ పూలగుడ్డ కింద ఉన్నది నువ్వేనా?"

"నేనేనండి. ఆ పసుపు మీరేనా?"

"కారు తుడిచే గుడ్డ. ఇంకేం దొరకలేదు."

మూడేళ్ళుగా దాచుకున్న మాటల్లో ఒక్కటీ గుర్తు రాలేదు. చివరికి ఆయనే అడిగాడు.

"ఆ ఊళ్ళో ఎన్ని అడుగులేసేవన్నావు?"

"రెండు."

"అయితే నైటీ వేసుకుని, కూర గిన్నె పట్టుకుని వచ్చెయ్యి. నేను గుమ్మంలో ఉంటాను."

నవ్వాను. నవ్వుతూనే ఏడ్చాను. కళ్ళు తుడుచుకుని చూస్తే హజ్జియా చేతుల్లో కర్ర ఊగిపోతోంది.

"చాలు హజ్జియా, దించెయ్యండి."

"లా, దించను," అంది ఆవిడ, కర్రను ఇంకాస్త పైకెత్తి. "అతను ఇంకా చూస్తున్నాడు."