ఇన్‌స్పెక్టర్ వసుంధర గొంతు

మల్లాపూర్ మందుల ఫ్యాక్టరీలో ప్యాకింగ్ పనిచేసే స్వర్ణలత ఒకప్పుడు టీవీలో డిటెక్టివ్ వేషం వేసిందంటే కొత్తగా చేరినవాళ్లు నమ్మేవారు కాదు.

1990లో పదమూడు వారాలు వచ్చిన 'నల్ల గొడుగు కేసు'లో ఇన్‌స్పెక్టర్ వసుంధర ఆమే. నాటకాల్లో ఆమెను చూసి డైరెక్టర్ సీతారామయ్య పిలిపించాడు. "నీకెలా వస్తే అలా మాట్లాడు" అన్నాడు. అలాగే మాట్లాడింది. తీరా మొదటి భాగం వచ్చినరోజు, నాచారంలో వాడకట్టంతా టీవీ ముందు కూర్చుంటే, ఆమె నోట్లోంచి ఎవరిదో గొంతు వినిపించింది.

మర్నాడే వెళ్లి సీతారామయ్యను అడిగింది.

"దొంగకో పనిమనిషికో అయితే మీ యాస బాగుంటుందమ్మా. డిటెక్టివ్‌కి నప్పదు" అన్నాడాయన.

ఆ సీరియల్ తర్వాత ఆమె మళ్లీ వేషం కట్టలేదు. ఆయన మాటే నిజమేమో అనుకుంది. బ్యాంకులో, పిల్లల బడిలో నోరు విప్పేముందు ప్రతి మాటా లోపల సరిచేసుకునేది.

2012లో ఒక ఆదివారం ఫ్యాక్టరీలో తనతో పనిచేసే త్రిపురసుందరి పరుగున వచ్చింది. "అక్కా, నీ సీరియల్ నెట్‌ల ఉన్నది!"

ఇద్దరూ ఉప్పల్ డిపో దగ్గర ఇంటర్నెట్ సెంటర్‌కు వెళ్లారు. పాత టీవీ క్యాసెట్లు సేకరించేవాళ్లెవరో పన్నెండు భాగాలు ఒక ఆన్‌లైన్ ఆర్కైవ్‌లో పెట్టారు. పదకొండింటిలో అదే అరువు గొంతు. ఏడో భాగం మాత్రం గొంతు మార్చకముందు ఎడిటింగ్ గదిలోంచి బయటికొచ్చిన క్యాసెట్.

"ఆగు. గా గొడుగు నీది గాదు. ఎవలిదో జెప్పు" అంది తెరమీద వసుంధర.

పక్క కంప్యూటర్ల దగ్గరివాళ్లు తలలు తిప్పి చూశారు. స్వర్ణలత ఒళ్లంతా మండిపోయింది. ఆ గొంతులో ఏ లోపమూ లేదు. ఇరవై రెండేళ్లు దేనికి సిగ్గుపడినట్టు?

నాలుగు చోట్ల అడిగి సీతారామయ్య నంబరు సంపాదించి ఫోన్ చేసింది.

"ఎవరమ్మా?"

"మీ వసుంధరను. గొంతు గుర్తువట్టలేదు గదా? ఎట్ల గుర్తువడ్తరు, మీరే తీసేస్తిరి."

"ఆ రోజులు వేరమ్మా..."

"రోజులు జెయ్యలే సార్. మీరు జేసిన్రు."

"ఇప్పుడు మీ భాషకే గిరాకీ. వచ్చే నెల నాకు సన్మానం ఉంది, నువ్వూ రా. స్టేజీ మీద పరిచయం చేస్తాను."

"మీ పక్కన నిలవడి నవ్వాల్నా? రాను" అని పెట్టేసింది.

ఆ వారమే ఆర్కైవ్ వాళ్లకు ఉత్తరం రాయించింది. వేషం తనదనీ, ఏడో భాగంలో గొంతు కూడా తనదేననీ రాయాలంది. మిగతా భాగాల్లో గొంతిచ్చినామె పేరు కూడా వెతికి పెట్టమంది. "గామె పేరు సుత ఎవ్వలు రాయలే" అంది త్రిపురసుందరితో.

రెండు నెలలకు ఆర్కైవ్‌లో స్వర్ణలత పేరు వచ్చింది. గొంతిచ్చినామె పేరు ఇంకా దొరకలేదన్నారు.

"ఇగ కోపం వోయిందా అక్కా?" అని అడిగింది త్రిపురసుందరి.

"ఎందుకు వోవాలె?" అంది స్వర్ణలత. మళ్లీ ఉత్తరం రాయించడానికి కాగితం తీసింది.