హాజరుపట్టీలో సిగ్గమ్మ

మా మనవరాలు శతభిషం మూడో పాదంలో పుట్టింది. ‘సి’ అక్షరంతో పేరు పెట్టాలన్నాడు పురోహితుడు. తెనాలిలో మా ఇంట్లో వారం రోజులుగా అదే గొడవ. కోడలు వసుంధర ఫోన్లో పేర్లు వెతికి పైకి చదువుతుంటే నేను ఒక్కోదానికీ వంక పెడుతున్నాను. ముప్పై ఆరేళ్లు తెలుగు పండితుడిగా పనిచేసినవాణ్ణి, పేరంటే అర్థం ఉండాలని నా పట్టుదల.

“ఇదేదో విచిత్రంగా ఉంది మావయ్యగారూ. సిగ్రిడ్ అంట. నార్వే, స్వీడన్ల వైపు పాతకాలం పేరంట. మొదటి ముక్కకి గెలుపు, రెండో ముక్కకి అందం అని అర్థమంట,” అని నవ్వింది.

నాకు నవ్వు రాలేదు. చేతిలో కాఫీ గ్లాసు పక్కన పెట్టేశాను.

ఆ పేరు నేను ఇంతకుముందు విన్నాను. 1979లో, రేపల్లె దగ్గర హైస్కూల్లో కొత్తగా చేరి ఆరో తరగతి అడ్మిషన్లు రాస్తున్నప్పుడు. కూలి పనికెళ్లే దానమ్మ కూతుర్ని వెంటబెట్టుకుని వచ్చింది. పిల్ల పేరేంటంటే “సిగ్గిరీదండి” అంది. మళ్లీ అడిగినా అదే మాట. ఎదురుకాళ్లతో పుట్టిన ఆ పిల్లను మిషను ఆసుపత్రిలో దొరసాని నర్సు బతికించిందట. ఆవిడ పేరే బిడ్డకు పెట్టుకున్నారు. వాళ్ల లూథరన్ పేటలో అది ఆనవాయితీ.

“నోరు తిరగని పేరెందుకు? సిగ్గమ్మ అని రాస్తున్నా,” అన్నాను.

“తమరి ఇష్టమండి అయ్యగారూ,” అంది దానమ్మ. ఆవిడకు చదువు రాదు. నాకు ఓపిక లేదు. రాసేశాను.

అంతటితో ఊరుకున్నా బాగుండేది. మర్నాడు హాజరు పిలుస్తూ ఆ పేరు దగ్గర ఆగాను. “ఏమే, ఇదేం పేరు? అర్థమేంటి?” అన్నాను. నేనే అందుకుని, “సిగ్గు కలది సిగ్గమ్మ. పేరుకు తగ్గట్టు ఎలా తల దించుకుందో చూడండిరా!” అన్నాను. క్లాసంతా గొల్లుమంది. నేనూ నవ్వాను. సరదాగా పాఠం చెబుతాడని నాకు పేరు రావడం ఆ రోజుల్లోనే మొదలైంది. ఆ పిల్ల ఐదేళ్లు ఆ బడిలో చదివింది. సిగ్గు లేని సిగ్గమ్మ, సిగ్గుపడవే సిగ్గమ్మ అంటూ పిల్లలు ఐదేళ్లూ ఏడిపించారు. విని కూడా ఒక్కణ్ణి మందలించలేదు.

ఆ మధ్యాహ్నం కోడలి ఫోను పుచ్చుకుని ఆ పేర్లే చూస్తూ కూర్చున్నాను. ఆ పేటలో ఇల్డమ్మ అని పిలిచే హిల్డా ఉండేది. యుద్ధమని అర్థమట. పెద్రీకు అనే ఫ్రెడరిక్ ఉండేవాడు. శాంతితో ఏలేవాడట. అంటే మన శాంతిరాజే. రెండు మాటలు కలిపి పేరు కట్టడం ఆ ఉత్తర దేశాల వాళ్ల పద్ధతి, మన విజయలక్ష్మి లాగా. సమాసం! సమాసాలు చెప్పి చెప్పి గొంతు పోగొట్టుకున్నవాణ్ణి, ఎదురుగా నిలబడ్డ సమాసాన్ని విరిచి గెలుపును సిగ్గు చేశాను. పండితుణ్ణట, పండితుణ్ణి!

రేపల్లెలో ఉంటున్న నా పాత శిష్యుడు సుందరయ్య సిగ్గమ్మకు పినతండ్రి కొడుకు. ఫోన్ చేశాను.

“సిగ్గమ్మక్కా? బాపట్లలో ఉందండి. కాన్పుల ఆసుపత్రిలో ఆయా. బావ ఇస్సాకు పోయి పదేళ్లయింది. కష్టపడి పిల్లని నర్సు చేసిందండి,” అన్నాడు. మళ్లీ తనే, “అక్కే నర్సు అవ్వాల్సింది సార్. పది పాసయ్యాక ట్రైనింగుకి వెళ్లమని పెద్దమ్మ పోరు పెట్టింది. అక్కడ కూడా పేరు పెట్టి పిలుస్తారు కదా అని వెళ్లలేదు,” అన్నాడు.

ఆ రాత్రే కూర్చుని పేరు సరిచేయమని అర్జీ రాసి, మర్నాడు పొద్దున్నే తెనాలిలో రైలెక్కాను.

ఆసుపత్రి వరండాలో పసిగుడ్డను తుడుస్తున్న యాభై ఏడేళ్ల మనిషి నన్ను చూడగానే గుర్తుపట్టింది. బిడ్డను తల్లికి అందించి వచ్చి, “దశరథరామయ్య సారు కదండీ! కూర్చోండి,” అని కుర్చీ తుడిచింది. నేను కూర్చోలేదు. “నీ పేరు పాడుచేశానమ్మా. నీ చదువూ నా మూలానే పోయింది. చదువుకు ఏమీ చేయలేను. పేరైనా సరిచేయిస్తాను, సంతకం పెట్టు,” అని అర్జీ చాచాను.

ఆమె అది పూర్తిగా చదివి, మడిచి నా చేతికే ఇచ్చింది.

“వద్దండి. మా హెప్సిబాకి గవర్నమెంటు ఉద్యోగం వచ్చింది. కాగితాలు వెరిఫికేషన్లో ఉన్నాయి. దాని సర్టిఫికెట్లన్నింటిలో తల్లి పేరు సిగ్గమ్మే. ఇప్పుడు మారిస్తే పిల్ల ఉద్యోగానికి అడ్డమండి.”

నేను రాసిన తప్పు కూతురి దాకా పాకిందన్న సంగతి నాకు అప్పటిదాకా తట్టనేలేదు. ఉత్త చేతులతో తిరిగి వెళ్లలేక, “పోనీ, నీ అసలు పేరుకు అర్థమైనా తెలుసుకో తల్లీ,” అని మొదలుపెట్టాను.

“తెలుసండి,” అంది. “అందమైన గెలుపని. నర్సమ్మగారు చెబితే మా అమ్మ రోజూ నాకు చెప్పేది. ఆ రోజు క్లాసులో మీరు అర్థం అడిగారని ఎంత సంతోషపడ్డానో! చెబుదామని లేచానండి. నేను నోరు తెరిచేలోపు మీరే చెప్పేశారు.”

ఆమె నవ్వుతూనే అంది. నేను మాత్రం తలెత్తి ఆమె ముఖం చూడలేకపోయాను.