దమ్మాంలో ఉన్న మా వారు

బహ్రెయిన్‌లో, జింజ్ పేటలో మా బిల్డింగు ఆడవాళ్ళం నలుగురం నెలకో శుక్రవారం ఒకరింట్లో కూర్చుని సినిమా చూస్తాం. ఆ నెల వంతు నాది. బుద్ధి గడ్డి తిని పాతకాలపు జపాన్ మూకీ సినిమా పెట్టాను. పెళ్ళి కాకుండా బిడ్డను కన్న ఒకావిడ, ఊరంతా వెలేసినా ఆ బిడ్డను పెంచుకునే కథ. మాటలుండవు, మధ్యమధ్య తెర మీద ఇంగ్లీషు అక్షరాలు పడతాయి. ఎదురు ఫ్లాటు పిన్నిగారు, "నాకు ఆ ఇంగ్లీషు ముక్కలు అర్థం కావమ్మా, నువ్వు చదివి చెప్పు" అన్నారు.

ఆవిడంటే నాకు హడలు. మా వారు దమ్మాంలో పనిచేస్తున్నారని మూడేళ్ళుగా ఆవిడకు అబద్ధం చెబుతున్నాను. నిజానికి మేం విడాకులు తీసుకున్నాం, ఆయన కాకినాడలో ఉన్నారు. అబద్ధమాడే మనిషి దూరమైనా చూసుకోవద్దూ? సౌదీ వంతెన దాటితే దమ్మాం, కార్లో గంటన్నర. "మీవారు ఈ వారం కూడా రాలేదా?" అని ఆవిడ అడగడం, ఓవర్‌టైం అని నేను చెప్పడం. విసుగొచ్చేసింది. నిజం తెలిస్తే పేరంటానికి పిలవరనీ, నా తొమ్మిదేళ్ళ కూతురితో వాళ్ళ మనవరాళ్ళను ఆడుకోనివ్వరనీ భయం. ఆ భయంతోనే మెడలో నల్లపూసలు కూడా తీయలేదు.

తెర మీద బడిపంతులు రిజిస్టరు తెరిచాడు. తల్లి ఏదో చెప్పింది. 'ఈ బిడ్డకు తండ్రి లేడు' అని అక్షరాలు పడ్డాయి. నా నోరు ఊరుకుంటేగా.

"తండ్రి ఓడ మీద పనికెళ్ళాడట" అని చదివాను.

"అయ్యో పాపం" అన్నారు పిన్నిగారు.

కింద చాప మీద కూర్చున్న నా కూతురు వెనక్కి తిరిగింది. "అలా లేదమ్మా. తండ్రి లేడని ఉంది."

పిన్నిగారు ఒకసారి నావైపు, ఒకసారి దానివైపు చూశారు. "మీ నాన్న దమ్మాంలోనే ఉన్నాడా తల్లీ?" అని మెల్లగా అడిగారు.

అది తడుముకోలేదు. "అవునమ్మమ్మా. ఓవర్‌టైం. సెలవు దొరకలేదు" అంది, అచ్చం నాలాగే.

నా మీద నాకే ఒళ్ళు మండింది. ఎవరో జపాన్ ఆవిడ విషయంలో నిజం చెప్పిన పిల్ల, నా కోసం అబద్ధమాడింది. రిమోటు నొక్కి సినిమా ఆపాను.

"దమ్మాంలో ఎవరూ లేరు పిన్నిగారూ. మేం విడిపోయి మూడేళ్ళయింది."

నా కూతురు లేచి వచ్చి నా పక్కన కూర్చుంది.

"అయితే ఇంక నేను చెప్పక్కర్లేదా అమ్మా?" అని అడిగింది.