అవ్వ వీపుకు కుదిరిన ప్యారిస్ గౌను

ఉదయగిరి నుంచి ప్యారిస్ ఎంత దూరమని ఆ రోజుల్లో నన్నెవరైనా అడిగి ఉంటే, "ఆత్మకూరు దాకా బస్సు, ఆ పైన ఇంకెంత!" అని చెప్పి ఉండేదాన్ని. వయసు అటువంటిది. డిగ్రీ అయిపోయింది. ఉదయగిరి బస్టాండు వెనక ఒకామె దగ్గర మిషను నేర్చుకుని, జాకెట్టు చేతులకు పైపింగు వేయడం వచ్చిందో లేదో, ప్రపంచంలో నాకు రాని కుట్టు లేదన్న నమ్మకం వచ్చేసింది. (ఆ నమ్మకం ఇప్పుడెక్కడ జారిపోయిందో తెలియదు. దొరికితే ఈసారి బీరువాలో పెట్టి తాళం వేసుకుంటాను.) మా ఊరు కొండ కింద చిన్న పల్లె. నాయనకు గొర్రెలు, కాస్త మెట్ట చేను. అమ్మ నా చిన్నతనంలోనే పోవడంతో నన్ను పెంచింది నాయన తల్లి, మా అవ్వ. ఇంట్లో ఉండేది మేం ముగ్గురమే.

ఫోనుకు సిగ్నలు మిద్దె మీద నీళ్ల ట్యాంకు పక్కన మాత్రమే వచ్చేది. ఒక సాయంత్రం అక్కడ కూర్చుని జాకెట్టు మెడల డిజైన్లు వెతుకుతుంటే, దారి తప్పిన మేకపిల్లలాగా ఒక వీడియో వచ్చి నా ఒళ్లో పడింది. ఫ్రెంచి దేశంలో ఎప్పుడో బతికిన ఒకావిడ కథ. చిన్నపిల్లగా ఉన్నప్పుడే కుట్టుపనికి చేరి, చివరికి ప్యారిస్‌లో సొంత దుకాణం పెట్టి, గొప్పింటి ఆడవాళ్లను తన గుమ్మం ముందు నిలబెట్టుకున్న మనిషి. పేరు నాకిప్పటికీ నోరు తిరగదు. ఆమె కాగితం మీద గీసి కత్తిరించేది కాదట. బొమ్మ మీద గుడ్డ వేసి, మూలవాటంగా తిప్పి, అక్కడికక్కడే కత్తెర పెట్టేదట. గుడ్డ నీళ్లలా ఒంటి మీదికి జారింది. మేం క్రాస్ కటింగు అంటామే, అదే, కానీ గౌను మొత్తానికి! నాకు ఆ పూట అన్నం సయించలేదు. అంత ఆశ నాకు ముందెప్పుడూ పుట్టలేదు. ఆ మర్నాటి నుంచి నేను నోరు తెరిస్తే ప్యారిస్ అనేసరికి, ఊళ్లో నా పేరే ప్యారిస్ అయింది. "ఏం ప్యారిసూ, గొర్రెలు తోలుకొని పోతుండావా?" అనేవాళ్లు.

సరిగ్గా అప్పుడే అనంతసాగరం నుంచి ఒక పెద్దరైతు ఇల్లాలు జాకెట్లు కుట్టించుకోవడానికి మా ఇంటికి వచ్చింది. ఊరంతా ఆమెను అక్క అనే పిలుస్తారు, నేనూ అంతే. కూతురి ఓణీల ఫంక్షను దగ్గరకొచ్చిందట. ఓణీ ఉదయానికి, సాయంత్రం స్టేజీ మీదికి గౌను కావాలంది. నేను ఊరుకుంటానా? ఫోను తీసి వీడియో చూపించి, ప్యారిస్ గౌను నేనే కుడతానన్నాను. అక్క నన్ను పైనించి కిందికి చూసి, "మా చెల్లెలికి హైదరాబాదులో పెద్ద బట్టల షాపుండాది. ఫంక్షనుకు వస్తాది. నీ గౌను దాని కంటికి ఆనిందంటే నిన్ను తనతో పిలుచకపోయి పనిలో పెట్టుకుంటాది. నాదీ పూచీ" అంది. మా నాయన అప్పటికే ఆత్మకూరులో బీఈడీ సీటు సంగతి విచారించుకొచ్చి ఉన్నాడు. ఈ మాట విని కాసేపు గడ్డం గోక్కున్నాడు. "సరే మే. గౌను కుదిరితే హైదరాబాదు. కుదరకపోతే నోరు మూసుకొని బీఈడీ. ఇంగ మాట్లాడేది లేదు" అన్నాడు. నాయన మాటంటే మాటే, గొర్రెకు వేసిన గుర్తులాగా చెరగదు.

ఇక అసలు చిక్కు. మా పక్క ఆడవాళ్లు టేపు పెట్టించుకోరు. ఒంటికి కుదిరిన పాత జాకెట్టు ఒకటి "ఆది" అని చేతికిచ్చి పోతారు, దాన్ని చూసి కుట్టాలి. అక్క కూడా కూతురి ఆది జాకెట్టు, ఆకాశంరంగు శాటిను గుడ్డ ఇచ్చి పోయింది. పిల్లేమో నెల్లూరు హాస్టల్లో ఉంది, ఫంక్షను ముందు రోజుకు గాని రాదు. ఆదిని బట్టి జాకెట్టు కుట్టొచ్చు, ప్యారిస్ గౌను ఎలా? దానికి నిలబడే బొమ్మ కావాలి. బొమ్మ ఉదయగిరిలో లేదు, ఆత్మకూరులో చీరల కొట్టువాడు అరువివ్వనన్నాడు. దిగులుగా గడపలో కూర్చుని ఉంటే, ఎదురుగా అవ్వ చేట పట్టుకుని కందులు చెరుగుతోంది. సన్నగా, పుల్లలాగా. పోయి ఆ జాకెట్టు అవ్వ వీపుకు ఆనించి చూశాను. భుజాలు సరి, చుట్టుకొలత సరి! నిలబెట్టి చూస్తే అక్క చెయ్యి పెట్టి చూపించిన ఎత్తు కూడా సరి! గట్టిగా కేకేశాను. కందులు చెల్లాచెదురయ్యాయి.

"థూ నీ యవ్వ! నేను పుట్టింది మొదలు రవిక తొడిగినదాన్ని కాదు. మీ తాత బతిమాలినా తొడగలా. ఇప్పుడు కాటికి పోయే ముందర గౌనా?" అంది అవ్వ. ఆ మాట నిజమే. పాతకాలం మనిషి, చీర కొంగే ఆమెకు జాకెట్టు. మిషను నేర్చుకున్న కొత్తలో నేను మొదట కుట్టాలనుకున్నది అవ్వకు రవికే. ఒప్పుకోలేదు. ఇప్పుడు మాత్రం కాళ్లు పట్టుకుని, హైదరాబాదు ఆశ మొత్తం వెళ్లబోసుకుంటే, చివరికి ఒక షరతు మీద ఒప్పుకుంది. నిలబడినంతసేపూ ఆ ప్యారిసామె కథ చెప్పాలి, తలుపు గడియ వేసి ఉండాలి.

అలా మొదలైంది. మధ్యాహ్నాలు నాయన గొర్రెలతో పోయాక గడియ వేసి, నా పాత పావడా తొడిగి అవ్వను నిలబెట్టి, గుండుసూదులు నోట్లో పెట్టుకుని నేను కథ చెప్పేదాన్ని. (వీడియో ఇంగ్లీషులో. అర్థం కాని చోట నేనే అతుకులు వేసేదాన్ని.) చిన్నతనంలోనే పెళ్లయిందని, కాపురం నిలవలేదని, దేశం దాటిపోయి ఆసుపత్రిలో బట్టలు కుట్టిందని చెబితే అవ్వ నిట్టూర్చింది. "తల్లే! పరాయి దేశంలో ఒక్కతే ఏం తినిందో." ఆ కాలం ఆడవాళ్లు కమ్మీలు పెట్టిన బిగువు బట్టలతో ఊపిరాడక ఉంటే, వాటిని తీసి పారేయించిందంటే, "మంచి పని చేసినాది, నేనైతే ముందే పారేసినా" అంది. యుద్ధమొచ్చి దుకాణం మూతపడిందంటే ఆ పూట అవ్వ సరిగా నిలబడలేదు. మర్నాడు గడియ వేయక ముందే, "మళ్లీ తెరిచినాదా లేదా? అది చెప్పు ముందు" అని పట్టుకుంది. తెరిచిందన్నాక గాని చేతులు పైకెత్తలేదు. ఇంకో రోజు, ఎవరూ తన గౌన్లను కాపీ కొట్టకుండా లేబులు మీద ఆమె తన బొటనవేలి ముద్ర వేసేదని చెప్పాను.

"అయ్యో, ఆమెకూ సంతకం రాదా?"

"వచ్చు అవ్వా."

"వచ్చి కూడా వేలిముద్ర ఏసినాదా!" అవ్వ మొహం విప్పారింది. "అట్టయితే మా మనిషే మే ఆమె. ఆ ముద్ర మిషను తీసుకునేదా? నా పింఛను కాడ నాది తీసుకొని చావదు." అని అరిగిపోయిన బొటనవేలు నా కళ్ల ముందు పెట్టింది. ఇద్దరం ఒకటే నవ్వు, ఆ నవ్వులో నేను ఒక గుండుసూది మింగబోయాను. నా బతుకులో అంత సంతోషంగా మళ్లీ ఏదీ కుట్టలేదు.

గౌను అయింది. అవ్వ మీద చూస్తే కళ్లు చెదిరాయి. ఒక్క ముడత లేదు, నేలకు సమానంగా జారింది. దాన్ని దిండుగలీబులో పెట్టుకుని, షేరాటోలో ఇద్దరి మధ్య ఇరుక్కుని అనంతసాగరం పోయాను. గదిలో పిల్ల తొడుక్కుంది. హాస్టలు నుంచి వచ్చిన పిల్ల, పెసరచేనులో పాతిన కర్రలాగా నిటారుగా నిలబడింది. ముందు భాగం మోకాళ్ల దాకా ఎగదన్నింది. కుడి పక్క నేల ఊడ్చింది. వీపు మీద ఇంత సంచి నిలిచింది. గది నిండా చుట్టాలు.

"ఏందిమే ఇది, వీపున మూట కట్టినట్టుండాది?" అంది అక్క.

"పెసలు పోసుకోను పనికొస్తాదిలే" అంది వెనకనుంచి ఒక ముసలమ్మ. పిల్ల అద్దంలో చూసుకుని పగలబడి నవ్వింది. హైదరాబాదు చెల్లెలు మాత్రం నవ్వలేదు. దగ్గరకొచ్చి ఆ సంచిని చేత్తో పట్టి, అటూ ఇటూ చూసి, "కటింగు బాగుంది. కానీ ఎవరికి కుట్టినావమ్మా?" అని అడిగింది. ఆమె తన సూట్‌కేసు తెరిచి పిల్లకు గౌను బదులు ఒక లంగా తీసిచ్చింది. అక్క జాలిపడి, గుడ్డ నువ్వే ఉంచుకో అంది. భోజనం చేసి పొమ్మన్నారు గాని, నేను చేయలేదు. ఆటోలో వస్తుంటే హైదరాబాదు నాకు వెనక్కి వెనక్కి పోతున్నట్టే ఉంది. ఏడుపు ఆపుకోలేకపోయాను.

ఇంటికి పోయేసరికి అవ్వ గడపలో నిలబడి ఉంది. నా మొహం చూసి, "ఏదీ, ఇట్టియ్యి" అని గౌను అందుకుని లోపలికి పోయి, తనే తొడుక్కుని వచ్చింది. పట్టపగలు, తలుపు తీసి ఉండగానే. గౌను మళ్లీ నేలకు సమానంగా జారింది. ముందూ సరి, వెనకా సరి, కుడి పక్కా సరి. అవ్వ చెయ్యి వెనక్కి పెట్టి తన వీపు తడుముకుంది.

"నా గూని అంతా దీంట్లో పెట్టినావు గదమ్మే. ఇన్నాళ్లూ సూదులు గుచ్చినావే, నా వంకర నీకు కనపడలా?"

నిజంగా కనపడలేదు. పుట్టినప్పటి నుంచి చూస్తున్న మనిషి. గడ్డిమోపులు మోసి మోసి ఎడమ భుజం కిందికి జారిందని, నడుం వంగిందని, అప్పుడే, ఆ గౌను చెబితేనే చూశాను. "నీకు వంకర యాడుందవ్వా" అని ఆమె మెడ పట్టుకుని ఏడ్చాను. "ఊరుకోమే. హైదరాబాదు యాడికీ పోదు. నాకు మాత్రం ఇంగెవురు కుడతారు?" అంది. ఆ సాయంత్రం అదే గౌనుతో గొర్రెల దొడ్డి దాకా పోయింది. నాయన చేతిలో కర్ర జారిపోయింది. "అమ్మా, ఇదేంది?" అంటే, "ప్యారిస్ రా" అంది గంభీరంగా. తర్వాత తెల్లగుడ్డ ముక్క మీద ఇంకు పూసిన వేలితో ఒక ముద్ర వేసిచ్చి, మెడ లోపల కుట్టించుకుంది.

నేను నోరు మూసుకుని బీఈడీ చదివాను. పాఠం మాత్రం ఒక్కరోజూ చెప్పలేదు. ఆత్మకూరులో చిన్న కుట్టు దుకాణం పెట్టుకున్నాను, బోర్డు మీద ప్యారిస్ అనే రాయించాను. ఆది ఇచ్చినవాళ్లను కూడా ఒకసారి నిలబడమ్మా అని బతిమాలి టేపు పెడతాను. హైదరాబాదు బస్సు నా కొట్టు ముందే పోతుంది, ఇప్పటికీ ఒకసారి తల ఎత్తి చూస్తాను. అవ్వ పోయి కొన్నేళ్లయింది. గౌను నా దగ్గరే ఉంది. దాన్ని అద్దాల అరలో నిలబెట్టాలని మొన్న నెల్లూరుకు పోయి ఒక బొమ్మ కొనుక్కొచ్చాను. తొడిగితే ముందు ఎగదన్నింది, వెనక సంచి నిలిచింది. మళ్లీ బస్సెక్కి ఆ షాపుకే పోయి, "అన్నా, కొంచెం వంగిన బొమ్మ ఉండాదా? ఎడమ భుజం దిగి ఉంటే ఇంకా మంచిది" అని అడిగాను. వాడు నా మొహంలోకి చూసి, వేళాకోళం అనుకుని నవ్వాడు. ఏం చేస్తాను, నేనూ నవ్వేశాను.